ఎవరు చెప్పారు? ఎప్పుడు జరిగింది?



ఈ రోజు మనం ఒక రాతగాడి గురించి మాట్లాడుకుందాం. ఆయన పేరు బీడ్. ఇంగ్లండులో ఉత్తరాన, టైన్ నది ఒడ్డున, జారో అనే ఊళ్లో ఒక క్రైస్తవ మఠం ఉండేది. బీడ్ ఆ మఠంలో పెరిగారు. అక్కడే చదువుకున్నారు, అక్కడే రాశారు, అక్కడే కన్నుమూశారు. ఇది పదమూడు వందల ఏళ్ల కిందటి మాట. ఇంగ్లీషు జాతిలో క్రైస్తవ సంఘం ఎలా పుట్టింది, ఎలా పెరిగింది అని ఆయన ఒక చరిత్ర రాశారు. ఐదు భాగాల పుస్తకం. 731లో పూర్తి చేశారు. ఇంగ్లీషువాళ్ల తొలి రోజుల గురించి లోకానికి తెలిసినదాంట్లో చాలా భాగం ఆ పుస్తకం చలవే.

బీడ్ రాజు కాదు, మంత్రి కాదు. దేశాలు తిరిగిన మనిషి అంతకన్నా కాదు. లిండిస్‌ఫార్న్ దీవి దాకా వెళ్లారు, యార్క్ నగరం దాకా వెళ్లారు. అంతకు మించి పెద్దగా కదిలింది లేదు. మరి ఉన్నచోటు నుంచి కదలకుండా ఒక జాతి చరిత్ర ఎలా రాశారు? దాన్ని ఇన్ని వందల ఏళ్లు జనం ఎందుకు నమ్ముతూ వచ్చారు?

ఆయన ఏ సంగతి రాయబోయినా రెండు ప్రశ్నలు వేసుకున్నారు. ఒకటి, ఇది ఎవరు చెప్పారు? రెండోది, ఇది ఎప్పుడు జరిగింది? ఈ రెండు ప్రశ్నలూ గుర్తుంచుకోండి. ఎవరు చెప్పారు? ఎప్పుడు జరిగింది? ఇవాళ మన ప్రసంగమంతా ఈ రెండింటి చుట్టూనే తిరుగుతుంది. చివర్లో మీకో చిన్న పని కూడా అప్పజెబుతాను.

ముందు ఆయన జీవితం చూద్దాం.

చరిత్ర పుస్తకం చివర బీడ్ తన గురించి నాలుగు మాటలు రాసుకున్నారు. తనకి అప్పటికి యాభై తొమ్మిదో ఏడు నడుస్తోందని చెప్పారు. దాన్ని బట్టి ఆయన 672లోనో 673లోనో పుట్టారని లెక్క తేలుతుంది. ఏడేళ్ల వయసులో బంధువులు తీసుకొచ్చి మఠంలో అప్పగించారు. మఠాధిపతి పేరు బెనెడిక్ట్ బిస్కప్.

ఈ బిస్కప్ గురించి కొంచెం చెప్పుకోవాలి. ఆయన లేకపోతే బీడ్ లేరు. బిస్కప్ గొప్ప ఇంటి బిడ్డ. రాజు దగ్గర కొలువు వదిలేసి సన్యాసం పుచ్చుకున్నారు. 674లో వేర్ నది సముద్రంలో కలిసేచోట ఒక మఠం కట్టారు. ఇప్పుడా చోటు సండర్లాండ్ నగరంలో ఉంది. తర్వాత ఏడెనిమిదేళ్లకి, అక్కడికి ఏడు మైళ్ల దూరంలో, జారోలో రెండో మఠం కట్టించారు. రెండు చోట్ల కట్టినా మఠం ఒక్కటేనని ఆయన మాట. రోముకి మళ్లీ మళ్లీ వెళ్లారు. ఆ రోజుల్లో ఆ ప్రయాణం అంటే సముద్రం దాటాలి, కొండలు ఎక్కాలి, దొంగల్ని తప్పించుకోవాలి. అక్కడి నుంచి పుస్తకాలు మోసుకొచ్చారు. ఫ్రాన్సు ప్రాంతం నుంచి తాపీ పనివాళ్లని, గాజు పనివాళ్లని పిలిపించారు. కిటికీలకి గాజు బిగించడం అప్పటికి ఇంగ్లీషువాళ్లకి తెలియని పని. జారోలో తవ్వకాలు జరిపినప్పుడు ఆ రంగు గాజు ముక్కలు దొరికాయి.

పుస్తకాలు మోసుకొచ్చారు అన్నాను కదా. అప్పట్లో పుస్తకం అంటే ఏమిటో ఒక్క నిమిషం ఆలోచించండి. కాగితం లేదు. దూడ చర్మాన్ని సున్నపు నీళ్లలో నానబెట్టి, వెంట్రుకలు గీకి, చట్రానికి బిగించి, ఆరబెట్టి, దాని మీద ఈక కలంతో రాయాలి. బీడ్ బతికుండగానే వాళ్ల మఠంలో మూడు పూర్తి బైబిళ్లు రాయించారు. వాటిలో ఒకటి ఇప్పటికీ ఇటలీలో, ఫ్లోరెన్స్ నగరంలో భద్రంగా ఉంది. వెయ్యికి పైగా ఆకులున్న పుస్తకం. దాని ఒక్కదానికే ఐదు వందల దూడల చర్మాలు పట్టి ఉంటాయని అంచనా. ఇద్దరు పట్టుకుంటే తప్ప లేవదు.

పుస్తకం విలువ ఎంతో ఇంకో మాటలో చెబుతాను. బిస్కప్ రోములో కొన్న ఒక భూగోళ గ్రంథం ఆల్డ్‌ఫ్రిత్ రాజుకి ఎంతో నచ్చింది. దాన్ని రాజుకి ఇచ్చినందుకు మఠానికి భూమి వచ్చింది. ఎంత భూమి? ఎనిమిది కుటుంబాలు దున్నుకుని బతకగలిగినంత. ఒక్క పుస్తకానికి!

అలాంటి పుస్తకాలు వందల్లో ఉన్న చోట బీడ్ పెరిగారు. పందొమ్మిదో ఏట ఆయనకి డీకన్ పదవి ఇచ్చారు. మామూలుగా అది ఇరవై ఐదేళ్లు నిండితే గానీ ఇవ్వరు. ముప్పయ్యో ఏట గురువు అయ్యారు. చదవడం, నేర్పడం, రాయడం, ఈ మూడే తనకి ఇష్టమైన పనులని ఆయనే చెప్పుకున్నారు.

ఇక్కడ ఒక సంఘటన వినండి. 686 ప్రాంతంలో జారో మఠం మీద మహమ్మారి పడింది. రోజూ వేళకి కీర్తనలు పాడగలిగినవాళ్లంతా పోయారు. మిగిలింది ఇద్దరే. ఒకరు జారో మఠాధిపతి చెయోల్‌ఫ్రిత్. రెండోవాడు ఒక చిన్న పిల్లవాడు. పాడేవాళ్లు లేరు కదా అని, కీర్తనల మధ్య వచ్చే పల్లవుల్ని చాలావరకు మానేశారు. ఒక వారం అలా గడిచింది. తర్వాత చెయోల్‌ఫ్రిత్ మనసు ఒప్పుకోలేదు. పెద్దాయన, పిల్లవాడు, ఇద్దరే ఆ ఖాళీ గుళ్లో మళ్లీ మొత్తం పాట ఎత్తుకున్నారు.

ఆ పిల్లవాడు బీడే అని చాలామంది పండితులు అంటారు. వయసు సరిపోతుంది, ఊరు సరిపోతుంది. కానీ ఈ సంగతి చెప్పిన పాత గ్రంథంలో పిల్లవాడి పేరు లేదు. ఆ మఠంలోనే గురువుగా ఉన్నాడని మాత్రం ఉంది. కాబట్టి మనం ఏమనాలి? 'బహుశా బీడే' అనాలి. 'బీడే' అని తేల్చేసినట్టు చెప్పకూడదు. ఈ జాగ్రత్త నేర్పింది కూడా బీడే.

ఇప్పుడు మొదటి ప్రశ్నకి వద్దాం. ఎవరు చెప్పారు?

బీడ్ తన చరిత్రని, జారో ఉన్న నార్తంబ్రియా రాజ్యపు రాజు చెయోల్‌వుల్ఫ్‌కి అంకితమిచ్చారు. ముందుమాటలో ఏం చేశారో చూడండి. తన గొప్ప చెప్పుకోలేదు. తనకి ఏ సంగతి ఎవరి ద్వారా తెలిసిందో వరసగా చెప్పారు. కెంట్ రాజ్యం సంగతులు కాంటర్‌బరీ మఠాధిపతి అల్బీనస్ పంపారు. పడమటి సాక్సన్ల సంగతులు బిషప్ డానియెల్ ఉత్తరాల్లో రాశారు. మెర్సియాలో మతం ఎలా వచ్చిందో లాస్టింగ్‌హామ్ మఠంవాళ్లు చెప్పారు. తూర్పు ఆంగ్లియా గురించి కొంత మఠాధిపతి ఈసీ చెప్పారు. ఇలా ప్రాంతానికో మనిషి. మనిషికో పేరు.

వీళ్లలో నోత్‌హెల్మ్ అనే లండన్ గురువు ఒకరున్నారు. ఆయన చేసిన పని మరీ గొప్పది. కాంటర్‌బరీ నుంచి అల్బీనస్ చెప్పిన సమాచారాన్ని బీడ్‌కి మోసుకొచ్చింది ఆయనే. కొంత రాతలో తెచ్చారు, కొంత నోటితో చెప్పారు. అక్కడితో ఆగలేదు. రోముకి వెళ్లారు. పోపు అనుమతి తీసుకుని, అక్కడి పాత దస్త్రాలు వెతికారు. ఇంగ్లండుకి మొదట మతబోధకుల్ని పంపిన పోపు గ్రెగరీ ఉత్తరాలు అందులో దొరికాయి. ఆ బోధకులు కెంట్ తీరంలో దిగింది 597లో. అంటే వందేళ్లు దాటిన ఉత్తరాలు. నోత్‌హెల్మ్ వాటికి నకళ్లు రాసుకుని జారోకి తెచ్చి ఇచ్చారు. బీడ్ ఆ ఉత్తరాల్ని తన పుస్తకంలో ఉన్నవి ఉన్నట్టు చేర్చారు. తన మాటల్లో కుదించి చెప్పొచ్చు కదా? అలా చేయలేదు. ఉత్తరమే పెట్టారు. చదివేవాడు తనే చూసుకుంటాడని.

సరే, ఉత్తరాలు ఉన్నచోట బాగానే ఉంది. రాత లేని చోట? నోటి మాటే ఆధారమైన చోట?

పౌలీనస్ అనే బిషప్ ఉండేవారు. ఎడ్విన్ రాజు కాలంలో నార్తంబ్రియాలో బోధ చేసినవారు. బీడ్ రాసేనాటికి అది దాదాపు వందేళ్ల కిందటి మాట. ఆ బిషప్ చూడ్డానికి ఎలా ఉండేవారో బీడ్ రాశారు. పొడగరి. కొంచెం ముందుకి వంగి నడిచేవారు. నల్లటి జుట్టు. బక్కపల్చటి ముఖం. సన్నటి, కొద్దిగా వంపు తిరిగిన ముక్కు. చూస్తే గౌరవమూ కలిగేది, భయమూ వేసేది.

ఇంత దగ్గరగా చూసినట్టు ఎలా రాశారు? ఎవరు చెప్పారో కూడా రాశారు కాబట్టి మనకి తెలుసు. పార్ట్‌నీ మఠాధిపతి డేడా ఈ సంగతి బీడ్‌కి చెప్పారు. డేడాకి ఎవరు చెప్పారు? ఒక ముసలాయన చెప్పారు. ఆ ముసలాయనకి ఎలా తెలుసు? ట్రెంట్ నదిలో, మిట్టమధ్యాహ్నం, ఎడ్విన్ రాజు చూస్తుండగా, పౌలీనస్ చేతుల మీదుగా ఆయన బాప్తిస్మం పొందారు. ఆయనతో పాటు ఇంకా చాలామంది. నీళ్లలో నిలబడి ఆ ముఖాన్ని దగ్గర నుంచి చూసిన మనిషి ఆయన. ఆ చూపు ముసలాయన నుంచి డేడాకి, డేడా నుంచి బీడ్‌కి, బీడ్ నుంచి మన దాకా వచ్చింది. మధ్యలో ఎక్కడా లంకె తెగలేదు.

ఇంకొకటి వినండి. ఇది నమ్మడానికి కొంచెం కష్టమైన కథ. ఉట్టా అనే గురువు నార్తంబ్రియా రాజు ఓస్వియూకి పెళ్లికూతుర్ని తీసుకురావడానికి కెంట్‌కి బయల్దేరారు. వచ్చేటప్పుడు పెళ్లికూతురితో ఓడలో రావాలి. బిషప్ ఏడన్ ఆయనకి కొంచెం పవిత్ర తైలం ఇచ్చి, దారిలో తుఫాను వస్తుంది, అప్పుడు దీన్ని సముద్రంలో పొయ్యి అన్నారు. అలాగే తుఫాను వచ్చింది. ఓడలోకి నీళ్లు ఎక్కాయి. ఉట్టాకి తైలం గుర్తొచ్చి పోశారు. సముద్రం చల్లబడింది.

మీరు నమ్ముతారా, నమ్మరా అన్నది మీ ఇష్టం. బీడ్ ఏం చేశారో చూడండి. ఈ కథ తనకి చెప్పింది తమ మఠంలోని గురువు కినిమండ్ అని రాశారు. కినిమండ్‌కి చెప్పింది ఆ ఓడలో ఉన్న ఉట్టాయే అని రాశారు. అంటే ఎవరి మాట ఎంతవరకు నమ్మాలో తేల్చుకునే వీలు మనకే ఇచ్చారు. అంతా ఆయన చెప్పినట్టే ఒప్పుకోవాలని లేదు. ఎవరు చెప్పారో తెలిస్తే మనం తూచుకోగలం. ఎవరు చెప్పారో తెలియకపోతే, ఒప్పుకోవాలి లేదా కొట్టేయాలి. అంతే, మధ్యేమార్గం లేదు.

మరి సాక్షి ఎవరూ దొరకని చోట? పోపు గ్రెగరీ రోము సంతలో అమ్మకానికి పెట్టిన ఇంగ్లీషు పిల్లల్ని చూశారని, అందుకే ఆ దేశానికి బోధకుల్ని పంపారని ఒక కథ ఉంది. ఇంగ్లండులో బాగా పేరున్న కథ. బీడ్ దాన్ని రాశారు. కానీ ఇది పెద్దల నుంచి పరంపరగా వచ్చిన మాట అని స్పష్టంగా చెప్పే రాశారు. ఉత్తరం ఉంటే ఉత్తరం. సాక్షి ఉంటే సాక్షి పేరు. రెండూ లేకపోతే, పెద్దలు చెప్పుకునే మాట అని. మూడింటినీ కలిపి కలగాపులగం చేయలేదు.

రాశాక కూడా ఊరుకోలేదు. కత్‌బర్ట్ అనే పుణ్యపురుషుడి చరిత్ర రాసినప్పుడు, ఆ కత్‌బర్ట్‌ని ఎరిగినవాళ్లకి చిత్తుప్రతి చూపించారు. తర్వాత లిండిస్‌ఫార్న్ దీవికి పంపారు. అక్కడి పెద్దల ముందు రెండు రోజుల పాటు దాన్ని చదివి వినిపించారు. తప్పుంటే చెప్పండి, దిద్దుతాను అన్నమాట.

ఇంక ఇతరుల పుస్తకాల నుంచి తీసుకున్న మాటల సంగతి. లూకా సువార్తకి వ్యాఖ్య రాస్తూ బీడ్ పాత గురువుల మాటలు చాలా వాడుకున్నారు. వాడుకున్న ప్రతిచోటా పక్కన ఖాళీలో ఆ గురువు పేరులోని మొదటి అక్షరాలు వేశారు. ఆగస్టీన్ అయితే ఏ, యూ. ఆంబ్రోస్ అయితే ఏ, ఎమ్. గ్రెగరీ అయితే జీ, ఆర్. ఎందుకిలా? పెద్దల మాటలు దొంగిలించి తనవిగా చెప్పుకున్నాడని ఎవరూ అనకూడదు. అదీ ఆయన చెప్పిన కారణం. తర్వాత మార్కు సువార్తకి వ్యాఖ్య రాసినప్పుడు నకలు రాసేవాళ్లని బతిమాలుకున్నారు. నా పుస్తకం రాసుకుంటే రాసుకోండి, పక్కనున్న ఆ అక్షరాలు మాత్రం వదిలేయకండి అని.

ఎవరు చెప్పారు? ఇది మొదటి ప్రశ్న. ఇప్పుడు రెండో ప్రశ్నకి వద్దాం. ఎప్పుడు జరిగింది?

ఇది వినడానికి తేలిక. కానీ ఆ కాలంలో ఇంతకన్నా చిక్కు ప్రశ్న లేదు. జారో గుడి ప్రతిష్ఠ జరిగినప్పుడు చెక్కిన రాయి ఇప్పటికీ అక్కడే ఉంది. దాని మీద ఏముందంటే, మే నెల మొదటి తేదీకి ముందు తొమ్మిదో రోజు, ఎగ్‌ఫ్రిత్ రాజు ఏలుబడిలో పదిహేనో ఏడు, చెయోల్‌ఫ్రిత్ మఠాధిపతిగా నాలుగో ఏడు. అంతే. మనం లెక్కగట్టి అది 685 ఏప్రిల్ 23 అంటున్నాం. ఆ ఊరివాళ్లకి ఆ లెక్క చాలు. కానీ కెంట్‌లో ఇంకో రాజు. మెర్సియాలో మరో రాజు. ఒక్కో రాజ్యానికి ఒక్కో లెక్క. ఇక్కడి పదిహేనో ఏడు అక్కడ ఎన్నో ఏడు?

ఈ చిక్కు మనకీ తెలియంది కాదు. మీ ఇంట్లో మేనత్తని అడగండి. అత్తా, తాతయ్య ఈ ఊరు ఎప్పుడొచ్చాడు? ఉప్పెన వచ్చిన మరుసటేడురా, అప్పటికింకా మీ నాన్నకి పెళ్లి కాలేదు అంటుంది. చిన్నాన్నని అడగండి. ఉప్పెనకి ముందే వచ్చాం, ఆ గాలికే కదా ఈ ఇంటి కప్పు లేచిపోయింది అంటాడు. ఇద్దరూ అబద్ధాలాడేవాళ్లు కాదు. ఇద్దరికీ ఉప్పెన గుర్తే. ఉప్పెన అంటే ఏ ఉప్పెన? దివిసీమ ఉప్పెన అయితే అది 1977 నవంబరు 19. ఆ ఒక్క తేదీ మేకులా దిగగొడితే చాలు. అత్త చెప్పింది దానికి అటు, చిన్నాన్న చెప్పింది దానికి ఇటు అని తేలిపోతుంది. తర్వాత ఇంటి దస్తావేజో, నాన్నగారి స్కూలు టీసీయో బయటపడితే, ఎవరి మాట సరైనదో చూసుకోవచ్చు.

బీడ్ చేసింది ఇదే. అన్ని రాజ్యాల లెక్కల్నీ కట్టడానికి ఒక మేకు కావాలి. అది క్రీస్తు పుట్టిన ఏడాది. ఈ పద్ధతిని ఆయన కనిపెట్టలేదు. 525లో రోములో డయోనిసియస్ అనే సన్యాసి ఈస్టర్ తేదీల పట్టిక తయారుచేస్తూ అలా లెక్కపెట్టారు. కానీ ఒక జాతి చరిత్రనంతా ఆ లెక్కలో నడిపించి చూపింది బీడ్. ఆయన పుస్తకం ఊరూరా నకళ్లుగా పాకింది. దానితో పాటు ఆ లెక్కా పాకింది. ఈ రోజు మన క్యాలెండరు మీద, మన ఆధార్ కార్డు మీద ఉన్న సంవత్సరం ఆ లెక్కదే.

తేదీ విషయంలో ఆయనకి అంత పట్టుదల ఎందుకంటే, దాని చుట్టూ పెద్ద గొడవే నడిచింది. ఈస్టర్ పండుగ ఏ ఆదివారం చేయాలి? ఐర్లాండు నుంచి వచ్చిన సన్యాసులది ఒక లెక్క. రోముది ఇంకో లెక్క. ఇందాక ఓడలో వచ్చిన పెళ్లికూతురు ఉంది చూశారా, ఆమె పేరు ఇయన్‌ఫ్లాడ్. ఓస్వియూకి రాణి అయింది. ఆమె కెంట్ నుంచి రోము లెక్క తెచ్చుకుంది. రాజుది ఐర్లాండు లెక్క. ఇంకేముంది? ఒక్కో ఏడు రాజు ఉపవాసం ముగించి ఈస్టర్ విందు చేసుకుంటుంటే, రాణి పరివారం ఇంకా మట్టల ఆదివారం దగ్గరే ఉపవాసంలో ఉండేది. ఒకే ఇంట్లో! చివరికి 664లో హిల్డా అనే ఆమె మఠాధిపతిగా ఉన్న విట్బీలో సభ పెట్టి, రాజు రోము పక్షాన తీర్పు చెప్పారు.

బీడ్ ఈ కాలగణితం మీద రెండు పుస్తకాలు రాశారు. రెండోది, పెద్దది, 725 నాటిది. దాన్ని వేళ్ల మీద లెక్కపెట్టడం ఎలాగో చెబుతూ మొదలుపెట్టారు. సముద్రపు పోటు చంద్రుణ్ని బట్టి రోజురోజుకీ ఎలా ఆలస్యమవుతుందో, ఒకే తీరంలో ఒక రేవుకీ ఇంకో రేవుకీ వేళ ఎందుకు మారుతుందో అందులో రాశారు.

అంతకు ముందే ఈ లెక్కల వల్ల ఆయనకి చెడ్డపేరు కూడా వచ్చింది. సృష్టి మొదలు క్రీస్తు పుట్టుక దాకా 3952 ఏళ్లు అని ఆయన లెక్క తేల్చారు. జనంలో ఉన్న నమ్మకం ఐదు వేలు దాటి. 708లో బిషప్ విల్‌ఫ్రిడ్ విందులో ఎవరో తాగిన మైకంలో బీడ్‌ని మతద్రోహి అన్నారు. ఆ మాట చెవిన పడితే బీడ్‌కి బాగా కోపం వచ్చింది. తీవ్రంగానే ఉత్తరం రాశారు. కానీ ఆ ఉత్తరంలో తిట్లతో సరిపెట్టలేదు. ఈ లెక్క నా సొంతం కాదు, హెబ్రీ మూలాన్ని అనుసరించి వచ్చింది, కావాలంటే చూసుకోండి అని ఆధారం చూపించారు. ఎవరు చెప్పారు అన్న ప్రశ్న ఆయన్ని అప్పుడు కాపాడింది.

ఇంకో విషయం. రాజుల లెక్కని పూర్తిగా ఎందుకు నమ్మకూడదో కూడా బీడే చెప్పారు. ఎడ్విన్ యుద్ధంలో చనిపోయాక ఒక ఏడాది నార్తంబ్రియాని ఇద్దరు రాజులు ఏలారు. ఇద్దరూ క్రైస్తవం వదిలేశారు. తర్వాత రాజుల పట్టిక రాసేవాళ్లు ఏం చేశారు? వాళ్ల పేర్లే కొట్టేశారు. ఆ ఏడాదిని తర్వాత వచ్చిన ఓస్వాల్డ్ అనే మంచి రాజు ఖాతాలో వేసేశారు. బీడ్‌కి కూడా ఆ ఇద్దరు రాజులంటే అసహ్యమే. అయినా పట్టికలో ఇలా మార్చారు అన్న సంగతి దాచలేదు. చెప్పేశారు.

అలాగని బీడ్‌కి పక్షపాతం లేదా? ఉంది. రోము లెక్క ఒప్పుకోని బ్రిటన్ల మీద, అంటే ఇప్పటి వేల్సు వాళ్ల పూర్వీకుల మీద, ఆయనకి జాలి తక్కువ. చెస్టర్ యుద్ధంలో ప్రార్థన చేయడానికి వచ్చిన వాళ్ల సన్యాసులు పన్నెండు వందల మంది దాకా చనిపోయారని రాసి, అది దేవుడి శిక్ష అన్నట్టే మాట్లాడారు. అదే ఐర్లాండు లెక్క పాటించిన బిషప్ ఏడన్ దగ్గరికి వచ్చేసరికి, ఈస్టర్ విషయంలో ఆయన తప్పు అంటూనే, ఆయన నిరాడంబరతని, పేదల మీద ప్రేమని మనసారా మెచ్చుకున్నారు. బీడ్ కూడా మనలాంటి మనిషే. కానీ ఆధారాలు బయటపెట్టి రాశారు కాబట్టి, ఆయన ఎక్కడ ఒక పక్కకి ఒరిగారో కూడా మనం పట్టుకోగలుగుతున్నాం. ఈ మాట మళ్లీ చెబుతాను. ఆధారం చెప్పినవాడి తప్పుని దిద్దుకోవచ్చు. ఆధారం చెప్పనివాడి తప్పు అలాగే ఉండిపోతుంది.

బీడ్ 735 మే నెలలో, ఆరోహణ పండుగ వేళ చనిపోయారు. ఆ చివరి రోజుల గురించి శిష్యుడు కత్‌బర్ట్ రాసిన ఉత్తరం ఉంది. ఇందాకటి పుణ్యపురుషుడు కాదు, అదే పేరున్న శిష్యుడు. తర్వాత మఠాధిపతి అయ్యాడు. ఊపిరి అందడం లేదు, కాళ్లు వాచాయి. అయినా పడుకోలేదు. యోహాను సువార్తని ఇంగ్లీషు జనం మాట్లాడే భాషలోకి తర్జుమా చేస్తూ చెబుతున్నారు, కుర్రాడు రాస్తున్నాడు. చివరి రోజు మధ్యాహ్నం తన చిన్న పెట్టె తెప్పించుకున్నారు. అందులో ఉన్న ఆస్తి ఏమిటో తెలుసా? కొంచెం మిరియాలు, కొన్ని చేతిగుడ్డలు, కొంచెం సాంబ్రాణి. తోటి గురువులందరికీ పంచిపెట్టారు. ఆ రోజుల్లో యూరపుకి మిరియాలు వెళ్లింది మన దక్షిణ దేశం నుంచే. మలబారు తీరంలో కోసిన గింజలు ఎన్ని చేతులు మారి ఆ చలి దేశపు మఠానికి చేరాయో! సాయంత్రానికి విల్‌బర్ట్ అనే కుర్రాడు, ఇంకొక్క వాక్యం మిగిలింది అయ్యా అన్నాడు. అయితే రాసుకో అని చెప్పారు. అది పూర్తయ్యాక నేల మీద కూర్చుని, దేవుణ్ని కీర్తిస్తూ ప్రాణం వదిలారు.

ఈ సంగతులు మనకెలా తెలుసు? పక్కనే ఉండి చూసినవాడు, తన పేరు పెట్టి రాశాడు కాబట్టి. గురువు నేర్పిన పద్ధతిలోనే గురువు చావునీ రాశాడు.

ఆయన పోయాక పుస్తకాల కోసం దూరదూరాల నుంచి అడిగేవారు. జర్మనీలోని మెయింజ్ బిషప్ లుల్ అడిగితే, అప్పటికి మఠాధిపతిగా ఉన్న ఈ కత్‌బర్టే జవాబు రాశాడు. ఈ చలికాలం మరీ ఘోరంగా ఉంది, మంచు, గాలివాన, రాసేవాడి చెయ్యి సాగలేదు, అందుకే అడిగినన్ని పంపలేకపోయాం అని. ఆ కొంకర్లు పోయిన చేతులు రాసిన నకళ్ల పుణ్యాన బీడ్ పుస్తకాలు సముద్రం దాటాయి. ఆయన పోయిన కొద్ది సంవత్సరాల్లోనే రాసిన చరిత్ర ప్రతి ఒకటి ఇప్పటికీ కేంబ్రిడ్జి విశ్వవిద్యాలయ గ్రంథాలయంలో ఉంది.

సరే, మీకు అప్పజెబుతానన్న పని. పెద్ద పనేం కాదు. ఒక నోటుపుస్తకం తీసుకోండి. ఇంట్లో పెద్దవాళ్లు చెప్పే ఒక్క సంగతి రాయండి. తాతగారు ఊరు మారిన కథ కావచ్చు, నాయనమ్మ కాపురానికొచ్చిన రోజు కావచ్చు. రాసిన దాని పక్కన, ఇది ఎవరు చెప్పారో పేరు రాయండి. ఆ మనిషి తన కళ్లతో చూశారా, ఎవరి దగ్గరైనా విన్నారా అది రాయండి. వింటే, ఎవరి దగ్గర విన్నారో అదీ రాయండి. తర్వాత, అది ఎప్పుడు జరిగిందో రాయండి. ఏడాది తెలియకపోతే, ఉప్పెనకి ముందా వెనకా అని అయినా రాయండి. మీరు రాసుకుంటున్న తేదీ పైన వేయండి.

అత్త ఒకటి చెప్పి, చిన్నాన్న ఇంకొకటి చెబితే కంగారు పడకండి. ఇద్దరి మాటా రాయండి, ఇద్దరి పేర్లూ రాయండి. ఏది నిజమో ఈ రోజే తేల్చేయక్కర్లేదు. ఒకరి మాట కొట్టేస్తే మాత్రం, రేపు దస్తావేజు బయటపడినప్పుడు పోల్చి చూసుకోవడానికి ఏమీ మిగలదు.

రేపు మీ పిల్లలు ఆ పుస్తకాన్ని ఫోనులో ఫొటో తీసి చుట్టాల గ్రూపులో పెడతారు. అందులోంచి నాలుగు ముక్కలు తీసి ఇంకెవరో పంపుతారు. అప్పుడు కథ మిగులుతుంది, పక్కనున్న పేరు జారిపోతుంది. బీడ్ నకలు రాసేవాళ్లని బతిమాలింది అందుకే. ఆయన అంత బతిమాలినా చాలా ప్రతుల్లో ఆ అక్షరాలు జారిపోయాయి. కొన్ని పాత ప్రతుల్లో మాత్రం ఇప్పటికీ నిలిచి ఉన్నాయి. మీరూ మీ పిల్లలకి ముందే చెప్పండి. కథ ఎవరికైనా పంపుకోండి, కానీ పేరూ ఏడాదీ కోసేసి పంపకండి అని.

ఎవరు చెప్పారు? ఎప్పుడు జరిగింది? మొదటి పేజీ పైన ఈ రెండు ప్రశ్నలూ రాసుకుని పని మొదలుపెట్టండి. పెద్దవాళ్లు ఇంట్లో ఉండగానే మొదలుపెట్టండి.